కాల్పులు ఆగాక దేశం లోపల ఏం మిగిలింది? 1947–71 యుద్ధాల గురించి ఒక ప్రశ్న

మునేరు (ప్రశ్న):

స్వాతంత్ర్యం వచ్చి పాతికేళ్లు నిండకుండానే భారతదేశం నాలుగు యుద్ధాలు చూసింది. 1947–48, 1965, 1971లో పాకిస్తాన్‌తో, 1962లో చైనాతో. వీటి మధ్యలో హైదరాబాద్, గోవా, నాగా కొండలు. మన పాఠ్యపుస్తకాల్లో వీటి గురించి దొరికేది ఎప్పుడు మొదలైంది, ఎవరు గెలిచారు, ఏ ఒప్పందంతో ముగిసింది అన్నంత వరకే. నాకు కావలసింది ఆ తర్వాతి సంగతి. చట్టాల్లో, బడ్జెట్‌లో, పార్టీల్లో, మామూలు ఇళ్లలో ఈ యుద్ధాలు ఏం మార్చాయి?

ఇంకొకటి. "ఫలానా సంస్థ 1962 వల్లే వచ్చింది, ఫలానా పథకం 1965 వల్లే వచ్చింది" అని చాలామంది రాసేస్తుంటారు. అందులో నిజమెంతో తేల్చుకోవడం ఎలా? తెలుగు నేలను నేరుగా తాకినవి ఉంటే అవి కూడా చెప్పగలరు.

పాత గెజిట్:

మునేరు గారూ, ముందు చట్టం వైపు నుంచి మొదలుపెట్టండి. అక్కడ ప్రతిదానికీ తేదీ ఉంటుంది, ఊహలకు చోటు తక్కువ.

1962 అక్టోబర్ 20న చైనా దాడి మొదలైంది. 26న రాష్ట్రపతి 352వ అధికరణం కింద అత్యవసర పరిస్థితి ప్రకటించారు. మన రాజ్యాంగం కింద అదే మొదటిది. ఆ రోజే భారత రక్షణ ఆర్డినెన్స్ కూడా వచ్చింది, డిసెంబర్‌లో అది చట్టంగా మారింది. నవంబర్ 3న 359వ అధికరణం కింద మరో ఉత్తర్వు వెలువడింది. దాంతో 21, 22 అధికరణాలు ఇచ్చే హక్కుల కోసం కోర్టు తలుపు తట్టే దారి మూసుకుపోయింది. నవంబర్ 21న చైనా తనంతట తానే కాల్పుల విరమణ ప్రకటించింది. యుద్ధం నెల రోజుల్లో ముగిసింది. అత్యవసర పరిస్థితిని ఎత్తేసింది మాత్రం 1968 జనవరి 10న.

ఆ ఐదేళ్ల పైచిలుకు కాలంలో భారత రక్షణ నిబంధనలు ఎవరి మీద ప్రయోగించారో చూస్తే మీ ప్రశ్నకు సగం జవాబు దొరుకుతుంది. చైనా మూలాలున్న సుమారు మూడు వేల మందిని అస్సాం, బెంగాల్ ప్రాంతాల నుంచి తీసుకెళ్లి రాజస్థాన్‌లోని దేవలీ శిబిరంలో పెట్టారు. వాళ్లలో ఇక్కడే పుట్టి పెరిగినవాళ్లు ఎందరో ఉన్నారు. 1964 డిసెంబర్‌లో, అంటే యుద్ధం ముగిసిన రెండేళ్లకు, మార్క్సిస్టు పార్టీ (సీపీఎం) నాయకులను ఇవే నిబంధనల కింద అరెస్టు చేశారు. 1965 మార్చి కేరళ ఎన్నికల్లో ఆ పార్టీ 40 స్థానాలతో పెద్ద పార్టీగా వచ్చింది. గెలిచినవాళ్లలో చాలామంది జైల్లోనే ఉన్నారు. ఆ శాసనసభ ఒక్కరోజు కూడా సమావేశం కాలేదు.

రెండోసారి అత్యవసర పరిస్థితిని 1971 డిసెంబర్ 3న ప్రకటించారు. 16న ఢాకాలో లొంగుబాటు జరిగింది, 1972 జులై 2న సిమ్లా ఒప్పందం కుదిరింది. ప్రకటన మాత్రం 1977 మార్చి దాకా ఎత్తేయలేదు. 1975 జూన్ 25 నాటి అత్యవసర పరిస్థితి అందరికీ గుర్తుంటుంది. ఆ రాత్రికి 1971 నాటి ప్రకటన కూడా అమల్లోనే ఉందన్న సంగతి చాలా వ్యాసాల్లో కనబడదు. 1962 అక్టోబర్ నుంచి 1977 మార్చి వరకు పద్నాలుగున్నర ఏళ్లు. అందులో సుమారు పదిన్నరేళ్లు దేశం అత్యవసర పరిస్థితి కిందే నడిచింది. ఈ రెండు తేదీల జతలను పక్కపక్కన రాసుకోండి. 1975ను ఒక్క రాత్రి నిర్ణయంగా మాత్రమే చదవడం ఎంత అసంపూర్ణమో అర్థమవుతుంది. అధికార యంత్రాంగానికి ఆ పని అప్పటికే అలవాటైపోయింది.

1978 నాటి 44వ సవరణను కూడా ఈ వరుసలోనే చదవాలి. "ఆంతరంగిక కల్లోలం" అన్న కారణాన్ని తీసేసి "సాయుధ తిరుగుబాటు" అని పెట్టారు. మంత్రివర్గం రాతపూర్వకంగా సలహా ఇస్తేనే రాష్ట్రపతి ప్రకటించాలన్నారు. పార్లమెంటు నెలలోగా ప్రత్యేక మెజారిటీతో ఆమోదించాలి, ఆపైన ఆరు నెలలకోసారి మళ్లీ ఆమోదం కావాలి. 20, 21 అధికరణాలను ఇక ఏ పరిస్థితిలోనూ నిలిపివేయకూడదు. ఆరు నెలల షరతు దేనికి మందో 1968, 1977 తేదీలే చెబుతాయి.

16వ సవరణను మరిచిపోకండి. అది 1963 అక్టోబర్‌లో అమల్లోకి వచ్చింది. భావ ప్రకటనా స్వేచ్ఛపై పెట్టగల పరిమితుల్లో దేశ సార్వభౌమత్వం, సమగ్రత అన్న కారణాన్ని చేర్చింది. ఎన్నికల్లో నిలబడేవాళ్లు దాన్ని కాపాడతామని ప్రమాణం చేయాలన్నది. ద్రావిడనాడు (దక్షిణాదికి విడి దేశం) డిమాండ్‌ను డీఎంకే వదులుకోవడంలో ఈ సవరణకు, దాని వెనకున్న యుద్ధ వాతావరణానికి పెద్ద పాత్ర ఉంది. అన్నాదురై రాజ్యసభలో ఆ బిల్లును వ్యతిరేకించారు, పార్టీ మాత్రం ఎన్నికల దారిలోనే కొనసాగింది. నాలుగేళ్లకు, 1967లో, మద్రాసులో అధికారంలోకి వచ్చింది.

జమాఖర్చు:

చట్టం గురించి పైన బాగా చెప్పారు. డబ్బు లెక్క నేను చెబుతాను.

ఎక్కువమంది తడబడేది ఇక్కడ. 1962–63 బడ్జెట్ శాంతికాలంలో తయారైంది. యుద్ధం అక్టోబర్‌లో వచ్చింది. ఆ ఏడాది బడ్జెట్ అంచనా చూస్తే యుద్ధం కనబడదు, సవరించిన అంచనా చూడాలి. పూర్తి ప్రభావం కనబడేది 1963–64లో. మొరార్జీ దేశాయ్ ఆ బడ్జెట్‌లో రక్షణకు 867 కోట్లు పెట్టారు. అంతకు ముందటి ఏడాది తొలి అంచనాకు ఇది రెట్టింపుకు మించి. జాతీయాదాయంలో రెండు శాతం దగ్గర ఉన్న రక్షణ వ్యయం నాలుగు శాతం దాకా ఎగబాకింది. 1964–69కి 5,000 కోట్లతో ఐదేళ్ల రక్షణ ప్రణాళిక వచ్చింది. 8,25,000 మంది సైన్యం, 45 వైమానిక స్క్వాడ్రన్లు దాని లక్ష్యం. మూడో పంచవర్ష ప్రణాళిక నడిమధ్యలో ఇంత భారం పడింది. అంకెలు పోల్చేటప్పుడు అంచనా, సవరించిన అంచనా, వాస్తవ ఖర్చు ఈ మూడింటినీ కలిపేయకండి. రెవెన్యూ, మూలధన ఖర్చులు కలిపారో విడిగా ఇచ్చారో కూడా చూసుకోవాలి. ఒకే ఏడాదికి రెండు పుస్తకాల్లో రెండు అంకెలు కనబడటానికి సాధారణంగా ఇదే కారణం.

ఈ డబ్బు వసూలు చేసిన తీరులో మామూలు ఇల్లు కనబడుతుంది. 1963లో నిర్బంధ డిపాజిట్ పథకం, కంపెనీలపై సూపర్ లాభాల పన్ను పెట్టారు. అన్నిటికంటే గట్టిగా తగిలింది బంగారం నియంత్రణ. 1963 జనవరిలో భారత రక్షణ నిబంధనల్లోనే కొత్త భాగంగా దాన్ని చేర్చారు. 14 క్యారెట్లకు మించిన నాణ్యంతో కొత్త నగలు చేయకూడదన్నది అందులోని షరతు. దాని తర్కం ఇదీ: నగల గిరాకీ వల్ల బంగారం దొంగదారిన వస్తోంది, దానికి విదేశీ మారకం బయటికి పోతోంది, ఆ మారకం ఇప్పుడు ఆయుధాలకు కావాలి. కాగితం మీద సబబుగానే ఉంది. పెళ్లికి 22 క్యారెట్లే కావాలనుకునే ఇళ్లు 14 క్యారెట్లకు దిగలేదు. వ్యాపారం చాటుకు పోయింది. స్మగ్లింగ్ తగ్గలేదు. కంసాలుల బతుకు మాత్రం వీధిన పడింది. లక్షల కుటుంబాల చేతిపని ఒక్క నోటిఫికేషన్‌తో ఆగిపోయింది. స్వర్ణకారుల ఆత్మహత్యల గురించి పార్లమెంటులో చర్చ జరిగింది. క్యారెట్ల షరతును తర్వాత సడలించారు గానీ నియంత్రణ పోలేదు. 1968లో అది విడి చట్టమైంది, 1990లో రద్దయింది. నెల రోజుల యుద్ధం కోసం తెచ్చిన నిబంధన 27 ఏళ్లు బతికింది. యుద్ధ చరిత్రలు రాసేవాళ్లు నేఫా (నేటి అరుణాచల్ ప్రదేశ్) గురించి వందల పేజీలు రాస్తారు, కంసాలి వీధికి ఒక్క పేరా ఇవ్వరు. అది అన్యాయమని నా అభిప్రాయం.

1965 దగ్గర జాగ్రత్తగా ఉండాలి. ఆ ఏడాది యుద్ధం, కరువు కలిసి వచ్చాయి. ఆహారధాన్యాల దిగుబడి 1964–65లో 8.9 కోట్ల టన్నులు, 1965–66లో 7.2 కోట్ల టన్నులు. ఈ పతనం రుతుపవనాల వల్ల, యుద్ధం వల్ల కాదు. యుద్ధం చేసింది ఇంకో పని. అమెరికా రెండు దేశాలకూ సహాయం ఆపింది. పీఎల్–480 (అమెరికా ఆహార సహాయ పథకం) గోధుమలను దీర్ఘకాలిక ఒప్పందం కింద కాకుండా కొద్ది నెలలకు సరిపడా మాత్రమే వదిలే పద్ధతిని కొనసాగించింది. 1966లో కోటి టన్నులకు పైగా ధాన్యం దిగుమతి చేసుకున్న దేశానికి అది మెడ మీద కత్తి. వ్యవసాయ మంత్రి సి. సుబ్రహ్మణ్యం కొత్త విధానానికి మంత్రివర్గంలో అడ్డు తగ్గింది ఆ ఒత్తిడిలోనే. 1966లో మెక్సికో నుంచి 18,000 టన్నుల గోధుమ విత్తనం తెప్పించారు.

1966 జూన్ 6న రూపాయి విలువ తగ్గించారు. డాలరుకు 4.76 ఉన్నది 7.50 అయింది. ఇది 57.5 శాతమని ఒకచోట, 36.5 శాతమని ఒకచోట చదివి గందరగోళ పడకండి. డాలర్ ధర రూపాయల్లో 57.5 శాతం పెరిగింది, రూపాయి విలువ డాలర్లలో 36.5 శాతం తగ్గింది. రెండూ సరైనవే. 1966 ఏప్రిల్‌లో మొదలవ్వాల్సిన నాలుగో ప్రణాళిక 1969కి వాయిదా పడింది. మధ్యలో మూడు వార్షిక ప్రణాళికలతో నెట్టుకొచ్చారు.

1971కి చిన్న ఆధారం మీ ఇంట్లో పాత ఉత్తరాల కట్టలోనే దొరకొచ్చు. తూర్పు బెంగాల్ నుంచి వచ్చిన సుమారు కోటి మంది శరణార్థుల కోసం 1971 నవంబర్ 15 నుంచి ఉత్తరాల మీద అదనంగా ఐదు పైసల బిళ్ల అంటించాల్సి వచ్చింది. మొదట్లో కుటుంబ నియంత్రణ బిళ్ల మీదే "శరణార్థి సహాయం" అని అచ్చు కొట్టి ఇచ్చారు. 1973 మార్చి చివరి వరకు ఆ పన్ను నడిచింది.

తేదీలే ముందు:

మీ రెండో ప్రశ్నకు నా పద్ధతి చెబుతాను. ఏదైనా సంస్థ "యుద్ధం వల్ల వచ్చింది" అని చదివితే ముందు అది పుట్టిన తేదీ, తర్వాత దాన్ని ప్రతిపాదించిన తేదీ, ఆ తర్వాత దానికి అసలు డబ్బు వచ్చిన సంవత్సరం వెతకండి. ఈ మూడూ ఒకచోట పడవు.

సరిహద్దు రహదారుల సంస్థ 1960 మేలో పుట్టింది. మిగ్–21 యుద్ధ విమానాల కొనుగోలుపై సోవియట్ యూనియన్‌తో ఒప్పందం 1962 ఆగస్టులో, దాడికి రెండు నెలల ముందు కుదిరింది. హైదరాబాద్‌లోని క్షిపణి ప్రయోగశాల డీఆర్‌డీఎల్ కూడా దాడికి ముందే నగరానికి వచ్చింది. ఆహార సంస్థ ఎఫ్‌సీఐ 1965 జనవరిలో, అంటే యుద్ధానికి ఏడు నెలల ముందే ఏర్పడింది. విచారణ లేకుండా నిర్బంధించే వీలిచ్చిన మీసా చట్టం 1971 జులైలో వచ్చింది, యుద్ధం డిసెంబర్‌లో. వీటన్నిటినీ యుద్ధ ఫలితాలుగా రాసిన వ్యాసాలున్నాయి.

అలాగని యుద్ధానికి సంబంధమే లేదనడం కూడా తప్పు. మిగ్ సంగతే చూడండి. ఒప్పందం ముందే ఉంది. యుద్ధం తర్వాత అది మూడు కర్మాగారాల పథకంగా పెరిగింది. విమానం చట్రం నాసిక్‌లో, ఇంజన్ కొరాపుట్‌లో, ఎలక్ట్రానిక్ పరికరాలు హైదరాబాద్‌లో. 1964 అక్టోబర్‌లో ఏర్పడిన హిందుస్తాన్ ఏరోనాటిక్స్ వీటిని ఒక్క గొడుగు కిందికి తెచ్చింది. యుద్ధం కొత్తగా పుట్టించేది తక్కువ. ఫైళ్లలో నలుగుతున్నదానికి డబ్బు, తొందర, ఎదురు అడగలేని బలం ఇస్తుంది.

నేరుగా యుద్ధానికే పుట్టినవీ లేకపోలేదు. ఐటీబీపీ (టిబెట్ సరిహద్దు పోలీసు దళం) 1962 అక్టోబర్ 24న, యుద్ధం జరుగుతుండగానే వచ్చింది. సరిహద్దు భద్రతా దళం బీఎస్ఎఫ్‌ది ఇంకా స్పష్టం. 1965 ఏప్రిల్ 9న కచ్‌లోని సర్దార్ పోస్టు మీద దాడి జరిగినప్పుడు పాకిస్తాన్ సరిహద్దును కాస్తున్నది రాష్ట్రాల సాయుధ పోలీసులు. ఒక్కో రాష్ట్రానికి ఒక్కో ఆయుధం, ఒక్కో పద్ధతి, ఎవరి ఆదేశం వారిది. ఆ లోపం బయటపడ్డాక డిసెంబర్ 1న కె.ఎఫ్. రుస్తుంజీ నాయకత్వంలో రాష్ట్రాల నుంచి తీసుకున్న సుమారు 25 బెటాలియన్లతో కేంద్ర దళం ఏర్పడింది. పోలీసు రాష్ట్రాల జాబితాలో ఉన్న సమాఖ్యలో కేంద్రానికి ఇంత పెద్ద సాయుధ దళం చేతికి రావడం చిన్న మార్పు కాదు.

మునేరు:

ముగ్గురికీ కృతజ్ఞతలు. "తేదీలే ముందు" గారి పద్ధతి చాలా ఉపయోగపడుతుంది. తెలుగు నేల గురించి ఇంకా ఎవరైనా చెబుతారా? ముఖ్యంగా 1948 హైదరాబాద్ సంగతి. అక్కడ ఐదు రోజుల్లో ముగిసిన సైనిక చర్య తర్వాతి చరిత్రను ఎంతవరకు మార్చింది?

మూసీ ఒడ్డు:

1948 సెప్టెంబర్ 13న సైన్యం ప్రవేశించింది, 17న నిజాం కాల్పుల విరమణ ప్రకటించాడు, 18న నిజాం సేనాధిపతి ఎల్ ఎద్రూస్ మేజర్ జనరల్ జె.ఎన్. చౌధురీకి లొంగిపోయాడు. అక్కడితో కథ ముగిసిందనుకుంటే మిగతా డెబ్బై ఏళ్లు అర్థం కావు.

మొదటి సంగతి ప్రాణనష్టం. ఆ చర్య తర్వాతి వారాల్లో ముస్లింలపై జరిగిన హింసను విచారించడానికి నెహ్రూ పంపిన సుందర్‌లాల్ బృందం, చాలా తగ్గించి వేసుకున్నా 27 వేల నుంచి 40 వేల మంది చనిపోయి ఉంటారని అంచనా వేసింది. ఉస్మానాబాద్, గుల్బర్గా, బీదర్, నాందేడ్ జిల్లాల్లో పరిస్థితి అతి దారుణం. ఆ నివేదిక దశాబ్దాల పాటు బయటికి రాలేదు. రజాకార్ల దౌర్జన్యం చెప్పి దీన్ని చెప్పకపోయినా, దీన్ని చెప్పి రజాకార్ల దౌర్జన్యం వదిలేసినా అది చరిత్ర కాదు.

రెండోది పాలన. 1949 చివరిదాకా చౌధురీ సైనిక గవర్నర్. తర్వాత ఎం.కె. వెల్లోడి అనే ఐసీఎస్ అధికారి ముఖ్యమంత్రి. ఎన్నికైన ప్రభుత్వం బూర్గుల రామకృష్ణారావు నాయకత్వంలో 1952 మార్చిలో వచ్చింది. ఈ మూడున్నరేళ్లలో పాత యంత్రాంగాన్ని నమ్మలేక మద్రాసు తదితర రాష్ట్రాల నుంచి ఉద్యోగులను రప్పించారు. ఉస్మానియాలో బోధన ఉర్దూ నుంచి ఇంగ్లీషుకు మారింది. ఉర్దూలో చదువుకున్న తరం ఉద్యోగాల పోటీలో ఒక్కసారిగా వెనకబడింది. 1919 ఫర్మానా ప్రకారం సర్కారు ఉద్యోగానికి పదిహేనేళ్ల స్థానిక నివాసం కావాలన్న ముల్కీ నిబంధన కాగితం మీద అలాగే ఉంది. దొంగ ముల్కీ సర్టిఫికెట్లు పుట్టుకొచ్చాయి. 1952లో వరంగల్‌లో మొదలైన విద్యార్థుల ఆందోళన సెప్టెంబర్‌లో హైదరాబాద్ సిటీ కాలేజీ దగ్గర కాల్పుల దాకా వెళ్లింది. 1956 పెద్దమనుషుల ఒప్పందంలో ఉద్యోగాల రక్షణ ఎందుకంత గట్టిగా రాశారో, 1969 తెలంగాణ ఉద్యమం ఎందుకు వచ్చిందో వెతికేవాళ్లు ఇక్కడి నుంచి మొదలుపెట్టాలి. సైనిక పాలన అవసరం కోసం చేసిన ఆ నియామకాలకు తర్వాత ఏం పరిష్కారమో ఎవరూ ఆలోచించలేదు. తప్పు జరిగింది అక్కడే.

మూడోది భూమి. సైన్యం వచ్చేనాటికి తెలంగాణ సాయుధ పోరాటం నడుస్తోంది. పోరాట విరమణ 1951 అక్టోబర్‌లో. ఈలోగా 1949 ఆగస్టు 15న జాగీర్లు రద్దయ్యాయి, 1950లో కౌలుదారీ చట్టం వచ్చింది. 1951 ఏప్రిల్ 18న పోచంపల్లిలో వెదిరె రామచంద్రారెడ్డి వంద ఎకరాలతో భూదానం మొదలైంది. ఈ చట్టాలకు వేగం ఇచ్చింది ఊళ్లలో తుపాకీ పట్టిన రైతు. దేశంలో అన్నిచోట్లా జమీందారీ రద్దు ఆలోచన ఉంది నిజమే, ఇక్కడి కౌలు రక్షణలు మాత్రం చాలా ప్రాంతాల కంటే గట్టివి.

సాగరతీరం:

కోస్తా వైపు రెండు సంగతులు.

కమ్యూనిస్టు పార్టీ చీలికలో తెనాలి ఉంది. 1962లో చైనాను ఖండించాలా, ఎలా ఖండించాలన్న తగాదా పార్టీని లోపల రెండుగా విడగొట్టింది. నవంబర్‌లో ఒక వర్గం నాయకులే ఎక్కువగా జైలుకు వెళ్లడంతో రెండో వర్గంపై అనుమానం ముదిరింది. 1964 ఏప్రిల్‌లో 32 మంది పార్టీ జాతీయ సమితి నుంచి బయటికి వచ్చారు, జులైలో తెనాలిలో సమావేశమయ్యారు, కలకత్తా మహాసభలో పుచ్చలపల్లి సుందరయ్య ప్రధాన కార్యదర్శి అయ్యారు. సోవియట్–చైనా విభేదం, కాంగ్రెస్ పట్ల వైఖరి అనే గొడవలు అంతకు ముందువే. యుద్ధం వాటిని సర్దుబాటు కాని స్థితికి తెచ్చింది. 1962 ఎన్నికల్లో ఆంధ్ర శాసనసభలో 51 స్థానాలున్న పార్టీ, 1967లో రెండు ముక్కలూ కలిపినా సుమారు ఇరవై దగ్గర ఆగింది.

రెండోది విశాఖ. తూర్పు నౌకాదళ కమాండ్ 1968 మార్చి 1న ఏర్పడింది. జలాంతర్గాముల స్థావరం వీరబాహు 1971లో, యుద్ధానికి కొన్ని నెలల ముందు. డిసెంబర్ 3–4 రాత్రి పాకిస్తాన్ జలాంతర్గామి ఘాజీ విశాఖ రేవు బయట మునిగింది. అది వెతుకుతున్న మన విమానవాహక నౌక విక్రాంత్ అప్పటికే అండమాన్ వైపు ఉంది. ఐఎన్ఎస్ రాజ్‌పుత్ వేసిన డెప్త్ ఛార్జీల వల్లే మునిగిందని మన నౌకాదళం చెబుతుంది. లోపలి పేలుడో, తాను పెట్టిన మందుపాతరో కారణమని పాకిస్తాన్ వాదన. రాసేటప్పుడు రెండూ రాయండి.

ఊరికి మిగిలిందేమిటంటే భూమి వినియోగం. డాక్‌యార్డ్, స్థావరం, నివాస కాలనీలు, విమానాశ్రయం మీద నౌకాదళ నియంత్రణ. విశాఖ విస్తరణ పటం చూస్తే నగరం ఎటు పెరిగిందో, ఎటు పెరగలేకపోయిందో ఈ గీతల వల్ల అర్థమవుతుంది. హైదరాబాద్‌లో 1970లో భారత్ డైనమిక్స్, 1973లో ప్రత్యేక లోహాల కోసం మిధాని వచ్చాయి. 1965లో అమెరికా, బ్రిటన్ ఆయుధ సరఫరా ఆపిన అనుభవం ఈ తరహా కర్మాగారాలకు వాదన సులభం చేసింది.

మునేరు గారూ, మూలాలు చూడాలనుకుంటే 1947 నుంచి బడ్జెట్ ప్రసంగాలన్నీ ఆర్థిక శాఖ వెబ్‌సైట్‌లో ఉన్నాయి, లోక్‌సభ చర్చలు పార్లమెంట్ డిజిటల్ లైబ్రరీలో దొరుకుతాయి. 1963–64 బడ్జెట్ ప్రసంగం, దాని తర్వాత అదే ఏడాది బంగారం నియంత్రణ మీద చర్చ, ఈ రెండింటితో మొదలుపెట్టండి.